నగర ప్రణాళికకు కెమెరా సాక్ష్యం

ఒక నగరంలో ఇళ్లు ఎక్కడ ఉండాలి, కర్మాగారాలు ఎక్కడ ఉండాలి, రోడ్డు ఎంత వెడల్పు ఉండాలి, చెరువు గట్టుకు ఎంత దూరంలో కట్టడాలను అనుమతించాలి అన్న విషయాలను, రాబోయే ఇరవై ముప్పై ఏళ్ల అవసరాలను అంచనా వేసి ముందుగానే నిర్ణయించే విద్యను నగర ప్రణాళిక అంటారు. ఈ నిర్ణయాలన్నీ మాస్టర్ ప్లాన్ అనే పత్రంలోకి చేరతాయి. మన దేశంలో సాధారణంగా నివాస ప్రాంతాలను పసుపు రంగుతోను, వాణిజ్య ప్రాంతాలను నీలంతోను, పార్కులను ఆకుపచ్చతోను గుర్తించే ఆ పటం ఆకాశం నుంచి కిందికి చూసినట్లు గీసినది కావడం వల్ల, అందులో వీధులు కనిపిస్తాయి గాని వీధుల్లో నడిచే మనుషులు కనిపించరు. ఒక కుటుంబం ఉంటున్న ఇల్లు నిలుస్తుందో పోతుందో ఆ పటంలోని ఒక గీతను బట్టి తేలిపోతుంది. అయినా దాన్ని చదివి అర్థం చేసుకోగలవారు అధికారులు, నిపుణులు, భూముల వ్యాపారులు తప్ప తక్కిన జనంలో చాలా కొద్దిమంది.

ఈ లోటును కొంతవరకైనా తీర్చగల ప్రక్రియ డాక్యుమెంటరీ. కల్పిత కథను, నటీనటులను ఆశ్రయించకుండా నిజమైన ప్రదేశాలను, నిజమైన మనుషులను చిత్రీకరించి, ఆ దృశ్యాలను ఒక వాదంగా కూర్చే చిత్రాన్ని డాక్యుమెంటరీ అంటారు. ప్రణాళిక భవిష్యత్తును గురించి ఇచ్చే మాట అయితే, ఆ మాట నేలమీద ఏ రూపం దాల్చిందో చెప్పే సాక్ష్యం డాక్యుమెంటరీ. అయితే సాక్ష్యాన్ని నమ్మే ముందు సాక్షిని పిలిపించినది ఎవరో తెలుసుకోవడం న్యాయస్థానంలో ఎంత అవసరమో ఇక్కడా అంతే అవసరమని ఈ ప్రక్రియ వంద సంవత్సరాల చరిత్ర చెబుతోంది.

నగరాన్ని చూసి అబ్బురపడిన కెమెరా

నగరం మీద తీసిన తొలి చిత్రాలకు ప్రణాళికతో పనిలేదు. ఆకాశహర్మ్యాలు, రైళ్లు, జనసమూహాలు కలిసి సృష్టించిన కొత్త వేగాన్ని తెరమీద పట్టుకోవడమే వాటి ఆశయం. చార్లెస్ షీలర్, పాల్ స్ట్రాండ్ 1921లో న్యూయార్క్ నగరం మీద తీసిన ‘మన్‌హట్టా’, వాల్టర్ రుట్‌మన్ 1927లో తీసిన ‘బెర్లిన్: మహానగర సింఫనీ’, జీగా వెర్తోవ్ 1929లో సోవియట్ నగరాలను చిత్రీకరించి రూపొందించిన ‘మూవీ కెమెరాతో మనిషి’ ఈ కోవలో ముఖ్యమైనవి. తెల్లవారుజామున నగరంలోకి దూసుకువచ్చే రైలుతో మొదలై రాత్రి దీపాల వెలుగుతో ముగిసే రుట్‌మన్ చిత్రం ఒక నగరపు ఒక రోజును సంగీతంలోని లయకు తగినట్లు అమర్చి చూపింది. ఇటువంటి చిత్రాలకు ‘నగర సింఫనీలు’ అని పేరు వచ్చింది.

వీటి అందం ఈనాటికీ తగ్గలేదు. అయితే రుట్‌మన్ చిత్రంలో ధనికుడి భోజనబల్ల, పేదవాడి ఆకలి పక్కపక్కనే కనిపించినా, రెండూ ఒకే లయలో కలిసిపోయి ఆ తేడాకు కారణం ఏమిటన్న ప్రశ్న పుట్టకుండానే దృశ్యం ముందుకు సాగిపోతుందని జర్మన్ విమర్శకుడు జీగ్‌ఫ్రీడ్ క్రకావర్ చేసిన విమర్శలో న్యాయం ఉంది. నగరం ఎలా ఉందో చూపడం ఒక పని, అది అలా ఎందుకు ఉందో అడగడం మరొక పని. ఈ రెండో పనికి సినిమా పూనుకున్నది 1930వ దశకంలో.

ప్రణాళిక పక్షాన నిలిచిన చిత్రాలు

1935లో బ్రిటన్‌లో ఆర్థర్ ఎల్టన్, ఎడ్గార్ ఆన్‌స్టీ కలిసి తీసిన ‘హౌసింగ్ ప్రాబ్లమ్స్’ నిడివిలో పావుగంట చిత్రమే అయినా డాక్యుమెంటరీ చరిత్రలో దానికి పెద్ద స్థానం ఉంది. లండన్ తూర్పు ప్రాంతంలోని స్టెప్నీ మురికివాడలో నివసించేవారు తమ ఇళ్లలోని ఎలుకల గురించి, నల్లుల గురించి, కూలడానికి సిద్ధంగా ఉన్న గోడల గురించి తమ సొంత మాటల్లో, నేరుగా కెమెరా వైపు చూసి చెప్పడం ప్రేక్షకులకు అప్పట్లో పూర్తిగా కొత్త అనుభవం. బరువైన శబ్దగ్రహణ పరికరాలను ఆ ఇరుకు గదుల్లోకి మోసుకువెళ్లి పేదవాడి గొంతును పేదవాడి నోటినుంచే వినిపించిన ఘనత ఆ చిత్రానిది.

అయితే ఆ చిత్రానికి పెట్టుబడి పెట్టినది బ్రిటిష్ గ్యాస్ వ్యాపార సంస్థల సంఘం. మురికివాడలు పోయి కొత్త ఫ్లాట్లు వస్తే వాటిలో వంటకు, వేడినీళ్లకు గ్యాస్ వాడకం పెరుగుతుందన్నది ఆ సంఘం ఆలోచన. అందువల్ల చిత్రం సమస్యను నివాసుల నోట చెప్పించి, పరిష్కారాన్ని మాత్రం నిపుణుల నోట చెప్పించింది. కొత్త ఇల్లు ఎలా ఉండాలని ఆ నివాసులను అడిగిన దృశ్యం అందులో లేదు. లీడ్స్ నగరంలో కట్టబోయే క్వారీ హిల్ ఫ్లాట్ల నమూనాను చిత్రం ఎంతో ఆశతో చూపింది. ఆ ఫ్లాట్లు కట్టిన నలభై ఏళ్లకే, 1970వ దశకం చివరలో, వాటిని కూల్చివేశారు.

అమెరికాలో 1939 న్యూయార్క్ ప్రపంచ ప్రదర్శన కోసం రాల్ఫ్ స్టైనర్, విల్లర్డ్ వాన్ డైక్ తీసిన ‘ది సిటీ’ మరింత స్పష్టంగా ప్రణాళికావేత్తల చిత్రం. నగర ప్రణాళికా నిపుణుల సంస్థ పూనికతో తయారైన ఈ చిత్రానికి ప్రసిద్ధ నగర చరిత్రకారుడు లూయిస్ మమ్‌ఫర్డ్ వ్యాఖ్యానం రాయగా, ఏరన్ కోప్‌లండ్ సంగీతం సమకూర్చాడు. పాతకాలపు పల్లెలోని ప్రశాంతతను, ఉక్కు పట్టణంలోని పొగను, మహానగరంలోని తొక్కిసలాటను వరుసగా చూపిన తరువాత, మేరీల్యాండ్ రాష్ట్రంలో ప్రభుత్వం కొత్తగా కట్టించిన గ్రీన్‌బెల్ట్ వంటి ఉద్యాన పట్టణాలను ఆదర్శంగా నిలపడంతో చిత్రం ముగుస్తుంది. పచ్చిక బయళ్ల మధ్య పిల్లలు సైకిళ్లు తొక్కే ఆ దృశ్యాలు మనోహరమైనవే. కాని ఆ పట్టణంలో తొలినాళ్లలో నల్లజాతివారికి ప్రవేశం లేదన్న సంగతి చిత్రంలో ఎక్కడా వినిపించదు. చూపిన దృశ్యాలన్నీ నిజమైనవే అయినా, చూపకుండా వదిలిన విషయం వల్ల మొత్తం చిత్రం అర్ధసత్యంగా మిగిలిపోవచ్చు అనడానికి ఇంతకన్నా మంచి ఉదాహరణ దొరకదు.

ఒక కూల్చివేత, రెండు వ్యాఖ్యానాలు

రెండో ప్రపంచ యుద్ధం తరువాత మురికివాడలను తొలగించి వాటి స్థానంలో ఎత్తైన భవనాలు కట్టే పద్ధతి అమెరికా నగరాల్లో విస్తృతంగా అమలయింది. సెయింట్ లూయిస్ నగరంలో మినోరు యమసాకి రూపకల్పన చేసిన ప్రూయిట్–ఐగో సముదాయం వాటిలో ఒకటి. 33 భవనాలు, ఒక్కొక్కటి 11 అంతస్తులు, మొత్తం సుమారు 2,870 ఇళ్లు ఉన్న ఆ సముదాయంలోకి 1954లో జనం ప్రవేశించారు. ఇరవై ఏళ్లు నిండకుండానే అది శిథిలావస్థకు చేరడంతో 1972లో మొదలుపెట్టి 1976 నాటికి మొత్తం కూల్చివేశారు. పేలుడు పదార్థాలతో భవనం ఒక్కసారిగా నేలకు ఒరిగే ఆ దృశ్యం ఆధునిక వాస్తుకళ వైఫల్యానికి గుర్తుగా పుస్తకాల్లోకి ఎక్కింది. 1982లో గాడ్‌ఫ్రీ రెజియో తీసిన ‘కోయానిస్కాట్సి’ చిత్రం, మాట అన్నది లేకుండా, ఫిలిప్ గ్లాస్ సంగీతం నేపథ్యంగా, ఆ శిథిలాలనూ కూల్చివేతనూ ఒక నాగరికత పతనంలా చూపింది.

2011లో చాడ్ ఫ్రీడ్రిక్స్ తీసిన ‘ది ప్రూయిట్–ఐగో మిత్’ అదే కూల్చివేత దృశ్యాన్ని తీసుకుని వేరే ప్రశ్న అడిగింది. భవనాల ఆకృతి వల్లనే జనం చెడిపోయారా, లేక జనాన్ని అక్కడ ఉంచి తక్కినవన్నీ తీసివేశారా అన్నది ఆ ప్రశ్న. భవనాలు కట్టడానికి కేంద్ర ప్రభుత్వం డబ్బు ఇచ్చింది గాని, లిఫ్టులు, నీటి గొట్టాలు, దీపాల మరమ్మతుకు అయ్యే ఖర్చు మాత్రం అద్దెల నుంచే రావాలని నియమం పెట్టారు. అదే కాలంలో ప్రభుత్వ రుణ విధానాలు, కొత్త రహదారులు తెల్లజాతి మధ్యతరగతిని శివారు ప్రాంతాలకు తరలించడంతో నగర జనాభా తగ్గిపోయింది, ఉద్యోగాలు తగ్గాయి, అద్దె చెల్లించగలవారు వెళ్లిపోయారు. మిగిలినవారి అద్దె మరమ్మతులకు చాలకపోయేసరికి భవనాలు పాడయ్యాయి, పాడైన భవనాల్లోంచి మరికొందరు వెళ్లిపోయారు. పనిచేయగల పురుషుడు ఇంట్లో ఉంటే కుటుంబానికి ప్రభుత్వ సహాయం అందదన్న నిబంధన తండ్రులను కుటుంబాల నుంచి దూరం చేసింది.

ఈ కారణాల వరుసను చిత్రం పాత వార్తాదృశ్యాలతో, అక్కడ బాల్యం గడిపినవారి జ్ఞాపకాలతో వివరిస్తుంది. కొత్త ఇంట్లోకి అడుగుపెట్టిన నాటి సంతోషాన్నీ, చివరి రోజుల భయాన్నీ వారు సమానమైన నిజాయితీతో చెబుతారు. ఒక ప్రణాళిక విఫలమైనప్పుడు తప్పు గీతలో ఉందా, గీత గీసిన తరువాత తీసుకున్న నిర్ణయాల్లో ఉందా అని విడదీసి చూపడం డాక్యుమెంటరీ చేయగల అత్యంత విలువైన సేవల్లో ఒకటి. ఈ చిత్రం ఆ సేవను శ్రద్ధగా చేసింది.

కెమెరాతో కొలిచిన వీధి

కెమెరా వాదించడానికే కాదు, కొలవడానికీ పనికివస్తుందని చూపినవాడు విలియం హెచ్. వైట్. న్యూయార్క్ నగరం 1961లో చేసిన జోనింగ్ నిబంధనలు, అంటే ఏ ప్రాంతంలో ఏ రకమైన కట్టడం ఎంత పరిమాణంలో ఉండవచ్చో చెప్పే నిబంధనలు, ప్రజల కోసం భవనం ముందు ఖాళీ స్థలం వదిలిన యజమానికి, వదిలిన ప్రతి చదరపు అడుగుకు పది చదరపు అడుగుల వరకు అదనపు నిర్మాణాన్ని అనుమతించాయి. స్థలాలు వచ్చాయి, కాని వాటిలో చాలావరకు జనం లేక బోసిపోయి ఉండేవి. కారణం తెలుసుకోవడానికి వైట్ బృందం 1970వ దశకంలో పలు స్థలాలకు ఎదురుగా కెమెరాలు అమర్చి, కొంత విరామంతో ఒక్కొక్క చట్రాన్ని నమోదు చేసి గంటల కాలాన్ని నిమిషాల్లో చూపే టైమ్‌ల్యాప్స్ పద్ధతిలో, ఎవరు ఎక్కడ కూర్చుంటున్నారో, ఎంతసేపు ఉంటున్నారో లెక్కించింది.

1980లో వచ్చిన ‘ది సోషల్ లైఫ్ ఆఫ్ స్మాల్ అర్బన్ స్పేసెస్’ అనే చిత్రమూ, అదే పేరుతో వెలువడిన పుస్తకమూ ఆ పరిశీలన ఫలితాలు. కూర్చోవడానికి చోటు ఉన్న దగ్గరే జనం కూర్చుంటారన్నది వైట్ తేల్చిన ప్రధాన సూత్రం. వినడానికి ఇది అతి మామూలు మాటగా కనిపించినా, అరుగుల మీద ఇనుప ముళ్లు బిగించే భవన యజమానులకు అది తెలియవలసిన మాటే. ఎండ, నీడ, నీటి ధార, దగ్గరలో తినుబండారాల బండి, అటూ ఇటూ జరుపుకోగల కుర్చీలు ఉన్న చోట జనం చేరతారని, కబుర్లలో పడినవారు పక్కకు తొలగకుండా నడిచేవారి దారి మధ్యలోనే నిలబడతారని ఆయన దృశ్యాలు నిరూపించాయి. చిత్రం, పుస్తకం వెలువడకముందే, ఈ పరిశీలన ఆధారంగా నగరం 1975లో నిబంధనలను సవరించి, ప్రతి 30 చదరపు అడుగుల బహిరంగ స్థలానికి ఒక అడుగు పొడవైన కూర్చునే చోటు ఉండాలని నిర్దేశించింది. కెమెరా చూసిన విషయం చట్టంలోకి ఎక్కిన అరుదైన సందర్భాల్లో ఇది ఒకటి.

బొంబాయి: పదేళ్ల వ్యవధిలో రెండు చిత్రాలు

భారతదేశంలో ఈ ప్రక్రియ రెండు ముఖాలనూ చూడాలనుకునేవారు బొంబాయి మీద వచ్చిన రెండు చిత్రాలను పక్కపక్కన పెట్టి చూడాలి. కేంద్ర ప్రభుత్వం 1948లో నెలకొల్పిన ఫిల్మ్స్ డివిజన్ కోసం ప్రసిద్ధ వాస్తుశిల్పి చార్లెస్ కొరియా 1975లో ‘సిటీ ఆన్ ది వాటర్’ అనే లఘుచిత్రం తీశారు. దక్షిణాన మొన తేలి ఉత్తర దిశకే పెరగగల బొంబాయి ద్వీపం మీద ఒత్తిడి తగ్గాలంటే సముద్రపు పాయకు తూర్పున ఉన్న ప్రధాన భూభాగం మీద కొత్త నగరం కట్టాలని కొరియా, ప్రవీణా మెహతా, శిరీష్ పటేల్ 1960వ దశకం మధ్యలో ప్రతిపాదించారు. ఆ ప్రతిపాదన నుంచే 1970లో ఆ కొత్త నగరాన్ని నిర్మించే సిడ్కో సంస్థ, ఆ తరువాత నవీ ముంబయి రూపుదిద్దుకున్నాయి. నగరపు ఇరుకును చూపి, విశాలమైన ప్రత్యామ్నాయాన్ని ఊహించమని ప్రేక్షకుణ్ణి పిలిచే ఈ చిత్రం ఒక ప్రణాళికావేత్త చిత్తశుద్ధితో చేసిన విజ్ఞప్తి.

1985లో ఆనంద్ పట్వర్ధన్ తీసిన ‘బాంబే అవర్ సిటీ’, హిందీలో ‘హమారా షహర్’, అదే నగరాన్ని ఫుట్‌పాత్ మీద నిలబడి చూసింది. 1981లో మహారాష్ట్ర ప్రభుత్వం ఫుట్‌పాత్ నివాసులను తొలగించడానికి పూనుకున్న నాటి నుంచి సాగిన గుడిసెల కూల్చివేతలు, వానలో తడుస్తున్న కుటుంబాలు, మరోవైపు నగరం శుభ్రంగా ఉండాలని మాట్లాడే సంపన్నులు, అధికారులు అందులో ఒకరి తరువాత ఒకరు కనిపిస్తారు. నగరంలోని భవనాలను కట్టిన చేతులకు ఆ నగరంలో చోటు లేకపోవడం అన్న వైరుధ్యాన్ని ఆ కూర్పు ఎటువంటి ఉపన్యాసం లేకుండా స్పష్టం చేస్తుంది. అదే సంవత్సరం ఓల్గా టెల్లిస్ కేసులో సుప్రీంకోర్టు, జీవనోపాధి హక్కు రాజ్యాంగంలోని 21వ అధికరణం హామీ ఇచ్చిన జీవించే హక్కులో భాగమని ప్రకటిస్తూనే, ముందుగా నోటీసు ఇచ్చి ఫుట్‌పాత్ నివాసులను తొలగించవచ్చని కూడా చెప్పింది. న్యాయస్థానం సూత్రంగా చెప్పిన విషయాన్ని చిత్రం మనుషుల ముఖాలతో చెప్పింది.

ఆ చిత్రంలో ఒక స్త్రీ, పేదల బొమ్మలు తీసి పేరు తెచ్చుకోవడం తప్ప మాకు ఒరగబెట్టేది ఏముందన్న అర్థంలో చిత్రబృందాన్నే నిలదీస్తుంది. దర్శకుడు ఆ దృశ్యాన్ని తొలగించకుండా ఉంచడం వల్ల, ఎవరి కష్టాన్ని ఎవరు ఏ హక్కుతో చిత్రీకరిస్తున్నారన్న ప్రశ్న భారతీయ డాక్యుమెంటరీలో శాశ్వతంగా నిలిచిపోయింది. కొరియా చిత్రం లేకపోతే నగరానికి రేపటి ఊహ ఉండదు. పట్వర్ధన్ చిత్రం లేకపోతే ఆ ఊహలో ఎవరు మిగిలిపోయారో తెలియదు. నగరానికి రెండూ కావాలి. కాని మొదటిదాన్ని తీయించడానికి ప్రభుత్వాలు ఎప్పుడూ సిద్ధంగా ఉంటాయి గనుక రెండోదాన్ని కాపాడుకోవలసిన బాధ్యత సమాజం మీద ఎక్కువగా ఉంది.

తరువాతి తరం ఈ దారిని మరింత సూక్ష్మమైన విషయాలవైపు మళ్లించింది. పరోమితా వోహ్రా 2006లో తీసిన ‘క్యూ2పీ’ నగరంలో స్త్రీలకు మరుగుదొడ్లు ఎక్కడ ఉన్నాయన్న ఒక్క ప్రశ్నతో, నగరాన్ని ఎవరిని దృష్టిలో పెట్టుకుని కడుతున్నారో తేల్చిచెప్పింది. బొంబాయిని దాటి చూస్తే, హైదరాబాద్‌కు సంబంధించి ముఖ్యమైన చిత్రం, అంతకు చాలా ముందే దీపా ధన్‌రాజ్ 1986లో రూపొందించిన ‘క్యా హువా ఇస్ షహర్ కో’. 1984 నాటి మత ఘర్షణలను, పాతబస్తీలో కర్ఫ్యూ నీడన సాగిన జీవితాన్ని నమోదు చేసిన ఆ చిత్రం, ఏ మాస్టర్ ప్లాన్‌లోనూ కనిపించని గీతలు ఒక నగరాన్ని ఎలా విభజిస్తాయో చూపే చారిత్రక పత్రంగా ఈనాటికీ నిలిచి ఉంది.

ఏ పద్ధతిలో తీస్తారు, ఎలా చూడాలి

నగరం మీద డాక్యుమెంటరీ తీసేవారి ముందు ఉన్న ప్రధాన కష్టం, ప్రణాళిక అన్నది కంటికి కనిపించే వస్తువు కాకపోవడం. ఈ కష్టాన్ని దర్శకులు వేరువేరు పద్ధతుల్లో దాటారు. గ్యారీ హస్ట్‌విట్ 2011లో తీసిన ‘అర్బనైజ్డ్’ పలు ఖండాల నగరాలను, వాస్తుశిల్పులు ఆస్కార్ నీమెయర్, యాన్ గేల్, బొగోటా మాజీ మేయర్ ఎన్రికే పెన్యలోసా వంటివారి సంభాషణలను పక్కపక్కన పేర్చి, ఒకే సమస్యకు వేరువేరు ఊళ్లు కనుగొన్న పరిష్కారాలను పోల్చింది. మ్యాట్ టిర్నవర్ 2016లో తీసిన ‘సిటిజన్ జేన్’ పాత దృశ్యాల సాయంతో, న్యూయార్క్ పాత వాడల మధ్యనుంచి వెడల్పాటి రహదారి వేయాలన్న అధికారి రాబర్ట్ మోసెస్ పథకాన్ని రచయిత్రి జేన్ జేకబ్స్, స్థానికులు కలిసి అడ్డుకున్న పోరాటాన్ని చెప్పింది. ఆ రహదారి చివరికి నిర్మాణం కాలేదు. ఫ్రెడరిక్ వైజ్‌మన్ 2020లో తీసిన ‘సిటీ హాల్’ వ్యాఖ్యానం గాని ఇంటర్వ్యూ గాని లేకుండా, బోస్టన్ నగరపాలక సంస్థలో జరిగే సమావేశాలను నాలుగున్నర గంటలపాటు ఓపికగా చూపి, నగరం అనేది ప్రతిరోజూ బల్లల చుట్టూ కూర్చుని తీసుకునే చిన్న చిన్న నిర్ణయాల మొత్తమని నిరూపించింది.

ఈ పద్ధతుల్లో ఏది గొప్పది అన్న చర్చకన్నా, ఏ చిత్రాన్ని చూసినా ప్రేక్షకుడు వేసుకోవలసిన ప్రశ్నలు ముఖ్యమైనవి. చిత్రానికి డబ్బు ఎవరు పెట్టారు? కెమెరా డ్రోన్ ఎత్తులో ఉందా, మనిషి కంటి ఎత్తులో ఉందా? సమస్యను చెప్పినవారికి పరిష్కారం చెప్పే అవకాశం ఇచ్చారా? కట్టడం ప్రారంభమైన రోజునే చూపారా, పదేళ్ల తరువాత కూడా వెళ్లి చూశారా? ఈ నాలుగు ప్రశ్నలకు జవాబు దొరికితే ప్రచారచిత్రానికీ సాక్ష్యానికీ ఉన్న తేడా సామాన్య ప్రేక్షకుడికి కూడా తేటతెల్లమవుతుంది.

తెలుగు రాష్ట్రాల నగరాలు ఇప్పుడు అతి వేగంగా మారుతున్నాయి. హైదరాబాద్‌లో 2017లో మెట్రో రైలు మొదలైంది; 2020 అక్టోబరు వానలకు నగరంలోని ఎన్నో కాలనీలు నీట మునిగాయి; రైతుల నుంచి భూసమీకరణ ద్వారా సేకరించిన వేల ఎకరాల్లో అమరావతి నిర్మాణం ప్రతిపాదితమైంది; 2024 సెప్టెంబరులో బుడమేరు వరద విజయవాడను ముంచెత్తింది. ఈ సంఘటనలన్నిటి వెనుక ఎప్పుడో గీసిన గీతలు, గీసినా పాటించని గీతలు ఉన్నాయి. వీటిని గురించిన టీవీ వార్తాకథనాలు వరద తగ్గేలోపే ముగిసిపోతాయి. ఒకే కాలనీని, ఒకే చెరువును, ఒకే బస్సు మార్గాన్ని ఏళ్ల తరబడి అనుసరించే ఓపిక డాక్యుమెంటరీకి మాత్రమే ఉంది.

ముసాయిదా మాస్టర్ ప్లాన్‌ను ఖరారు చేసే ముందు ప్రజల అభ్యంతరాలు స్వీకరించే పద్ధతి మన చట్టాల్లో ఉంది. ఆ గడువులో పటం చదవలేని పౌరుడు తన వీధిని, తన చెరువును, వర్షాకాలంలో నీరు నిలిచే తన గల్లీని చిత్రీకరించి అధికారుల ముందు ఉంచితే, అది అభ్యంతర పత్రంకన్నా బలంగా మాట్లాడుతుంది. అందుకు కావలసిన కెమెరా ఇప్పుడు దాదాపు ప్రతి ఇంట్లోనూ, ఫోన్ రూపంలో ఉంది. విశ్వవిద్యాలయాల సినిమా, వాస్తుశిల్ప శాఖలు విద్యార్థులకు ఈ పనిని పాఠంగా పెట్టాలి. నగరపాలక సంస్థలు తమ మీద విమర్శ ఉన్న చిత్రాలను కూడా వార్డు సభల్లో ప్రదర్శించాలి. గ్రంథాలయాలు నగరం మీద వచ్చిన చిత్రాలను సేకరించి భద్రపరచాలి. తమ నగరం ఎలా మారిందో చూపే సాక్ష్యాన్ని తామే తయారు చేసుకోని ప్రజలకు, ఎలా మారాలో చెప్పే హక్కును ఎవరూ తెచ్చి ఇవ్వరు.